మోయడానికి కొన్న కడప బండలు

నాది ప్రదర్శన కళ. ఒకే పనిని గంటల తరబడి, ఒంటికి ఓపిక ఉన్నంతసేపు చేసి, చివరికి మిగిలిన వస్తువులను అక్కడే ఇన్‌స్టలేషన్‌గా, అంటే చూడటానికి అమర్చిన కళాకృతిగా వదిలేస్తాను. ఈసారి కడపలోని ఒక హాలులో పన్నెండు నిమిషాలకు ఒకటి చొప్పున, ఎనిమిది గంటల్లో 40 నాపబండలను ఈ గోడ నుంచి ఆ గోడకు మోసి పరవాలనుకుని, వాటిని ఎర్రగుంట్ల దారిలోని ఒక పాలిష్ యూనిట్‌లో కొన్నాను. నేను కొన్నది ముఖ్యంగా బరువు గనుక, ఇల్లు కట్టుకునేవారు చూసే గుణాలు కొన్ని ఈ సమీక్షలో కనిపించకపోవచ్చు.

"వంటింటికా, వసారాకా?" అని యజమాని అడిగితే మోయడానికని చెప్పాను. ఆయన నవ్వలేదు. "మోసేదానికైతే అంచులు నూరించుకోండి సామీ, లేకుంటే చేతులు తెగుతాయి" అన్నారు. రంపం కింద నుంచి అప్పుడే వచ్చిన బండ అంచు మీద వేలు ఆనించి చూశాక మారు మాట్లాడలేదు. అంచులకు కూలి విడిగా తీసుకున్నారు గానీ, నేను పెట్టిన ఖర్చులో సార్థకమైనది అదే.

రెండడుగుల చదరం, 20 మిల్లీమీటర్ల మందం ఉన్న బండ వాళ్ల కాటా మీద 20 కిలోలకు కాస్త అటూ ఇటూగా తూగింది. నాపరాయి పొరలుగా చీలే సున్నపురాయి కావడంతో మందంలో తేడాలు సహజమే; అయినా అన్నీ సమానంగా ఉంటాయని చెప్పి, మూడింటిని మందంగా ఇచ్చారు. కంటికి ఆనని ఆ తేడాను ఇరవై ఏడో బండ ఎత్తినప్పుడు నడుము పట్టుకుంది. పాలిష్ వద్దన్నాను, చెమట చేతుల్లో నున్నటి రాయి నిలవదు. గరుకు బండల మీద నా అరచేతుల చెమట ఆరి, తెల్లటి ఉప్పు మరకలు మిగిలాయి. (వంటగట్టుకు కొనేవారు మాత్రం నిమ్మరసం, చింతపండు పులుసు పడితే ఈ రాయి మెరుగు పోతుందని గుర్తుంచుకోవాలి.)

రవాణా విషయంలో నాకు ఫిర్యాదుంది. చెప్పిన రోజుకు కాక మర్నాడు పంపారు, అందులోనూ రెండు బండల మూలలు విరిగాయి. మార్చి ఇస్తామన్నారు గానీ నేనే వద్దన్నాను. తైవాన్‌లో పుట్టిన ప్రదర్శన కళాకారుడు తెహ్చింగ్ షే న్యూయార్క్‌లో 1980 ఏప్రిల్ 11 నుంచి ఏడాదిపాటు గంటకోసారి టైమ్ క్లాక్‌లో (కార్మికుల హాజరు వేళను కార్డు మీద ముద్రించే గడియారంలో) కార్డు పంచ్ చేశారు. మొత్తం 8,760లో తప్పిపోయిన 133 సార్లను కూడా కారణాలతో లెక్క రాసి చూపించారు. ఆ లెక్క తలచుకుని, విరిగిన రెండింటినీ చివరి వరుసలో అందరికీ కనబడేలా పరిచాను.

నిజాయతీ గల సలహా కోసం మళ్లీ అక్కడికే వెళతాను. అయితే ట్రాలీ ఆటోలో బండలను పడుకోబెట్టి కాకుండా, మధ్యలో గడ్డి పెట్టి నిలువుగా పేర్చాకే బయలుదేరమంటాను.