కురిటీబా ఎర్ర బస్సు: కిటుకంతా స్టాపులోనే

బ్రెజిల్‌లోని పరానా రాష్ట్ర రాజధాని కురిటీబాలో తిరిగే ఎర్ర ఎక్స్‌ప్రెస్ బస్సులు ఈనాటి బీఆర్‌టీలకు, అంటే ప్రత్యేక లేన్లలో మెట్రోలా వేగంగా నడిచే బస్సు వ్యవస్థలకు, మాతృక. 1974లో మొదలయ్యాయి. అప్పటి మేయర్ జైమీ లెర్నర్ స్వయంగా ఆర్కిటెక్టు. మెట్రో కట్టే స్తోమత లేని ఊళ్లో మెట్రో చేసే పనిని బస్సుతోనే చేయించాలని ఆయన బృందం పట్టుబట్టింది. ఈ సర్వీసుకు మా మార్కులు ఎక్కువే. అందులో సగం స్టాపుకే పడతాయి.

1991లో వచ్చిన ట్యూబ్ స్టేషన్ అంటే ఉక్కు చట్రానికి గాజు బిగించిన పెద్ద గొట్టం. ఒక చివర మెట్లు, టర్న్‌స్టైల్ (ఒక్కొక్కరినే వదిలే తిరుగుడు గేటు). ఛార్జీ అక్కడే కట్టి లోపలికి వెళ్లాలి. చక్రాల కుర్చీలకు చిన్న లిఫ్టు ఉంటుంది. గొట్టం నేల, బస్సు నేల ఒకే ఎత్తు. బస్సు ఆగగానే తలుపుల దగ్గరి పలకలు ప్లాట్‌ఫామ్ అంచు మీదికి వాలి మధ్యలో సందు లేకుండా చేస్తాయి. ఎక్కడానికి మెట్లుండవు, చిల్లర గొడవ ఉండదు. ఐదు తలుపుల్లోంచీ ఒకేసారి దిగేవాళ్లు దిగుతారు, ఎక్కేవాళ్లు ఎక్కుతారు. ఇరవై సెకన్లు అటూ ఇటూగా బండి కదిలిపోతుంది. ఇందుకు డ్రైవర్ చేయి తిరిగినవాడై ఉండాలి. బస్సు తలుపు స్టేషన్ తలుపుకు సరిగ్గా ఎదురుగా రావాలి, అంచుకు దగ్గరగా ఆగాలి. కాస్త తేడా వస్తే పలక ప్లాట్‌ఫామ్‌కు అందదు.

బస్సు విషయానికొస్తే, 1992 నుంచి మూడు పెట్టెలు, రెండు మడత జాయింట్లు ఉన్న 25 మీటర్ల బండ్లు నడుస్తున్నాయి. 2011లో 28 మీటర్లవి వచ్చాయి. బస్సుకు 250 మంది చొప్పున నిమిషానికొకటి వదిలితే ఒక దిశలో గంటకు 15,000 మంది. 90 సెకన్లకొకటైతే 10,000. కూడళ్ల దగ్గర సిగ్నల్ పడి బండ్లు ఒకదాని వెనక ఒకటి పేరుకుంటే ఈ లెక్క ఇంకా తగ్గుతుంది.

రోడ్ల అమరిక మరీ సాహసం. నడిమధ్యన రెండు బస్సు లేన్లు, వాటికి ఇరుపక్కలా ఇళ్లకు, కొట్లకు వెళ్లే నెమ్మది రోడ్లు. ఒక వీధి అవతల అటొకటి, ఇటొకటి వేగంగా సాగే వన్‌వేలు. ఎత్తైన భవనాలకు అనుమతులు ప్రధానంగా ఈ దారుల వెంబడే ఇచ్చారు. అందుకే స్టాపు దాకా నడిచి రాగలిగే జనం దండిగా ఉంటారు. 1965లో పెట్టిన నగర ప్రణాళికా సంస్థ భూవినియోగాన్నీ, రవాణానూ కలిపి చూడటం వల్లే ఇది సాధ్యమైంది. బస్సు కంపెనీలకు చాలాకాలం టికెట్టు లెక్కన కాక కిలోమీటరు లెక్కన చెల్లించడమూ మంచి ఏర్పాటు. ప్రయాణికుల కోసం బస్సులు పోటీలు పడి పరిగెత్తే బాధ తప్పింది.

లోపాలూ చిన్నవేం కావు. పాత మార్గాల్లో దిశకు ఒకటే లేను. ఒక బండి మొరాయిస్తే వెనకవన్నీ నిలిచిపోతాయి. ముందు బస్సును దాటిపోయే చోటు తర్వాత కొన్ని మార్గాల్లోనే కల్పించారు. గాజు గొట్టం ఎండకు వేడెక్కుతుంది. రద్దీ వేళ దాని వెడల్పు చాలదు, దిగేవాళ్లు ఎక్కేవాళ్లను నెట్టుకుంటూ రావాలి. టర్న్‌స్టైల్ దూకి వచ్చేవాళ్లతో ఆదాయానికి గండి. ఛార్జీలు పెరిగి, లోపల కిక్కిరిసిపోవడంతో చాలామంది కార్లకూ బైకులకూ మారిపోయారు. ఇది కరోనాకు ముందే మొదలైంది.

ఈ నమూనాను 2000లో కొలంబియా రాజధాని బొగొటా అందుకుని స్టేషన్ల దగ్గర రెండో లేను జోడించింది. పాత ఇబ్బందికి అదే సరైన విరుగుడు. మన దగ్గర విశాఖలో పెందుర్తి, సింహాచలం కారిడార్లు, విజయవాడలో బీఆర్‌టీఎస్ రోడ్డు వేశారు. విజయవాడలో రోడ్డుకు ఆ పేరు నిలిచింది గానీ సర్వీసు నిలదొక్కుకోలేదు. లేను ఎంత వెడల్పున వేసినా, బస్సుకు మెట్లుండి టికెట్టు లోపలే కొడితే ఆదా చేసిన సమయం స్టాపులోనే ఖర్చయిపోతుంది. కొత్త బీఆర్‌టీ ప్రతిపాదన ఏది వచ్చినా ముందు డ్రాయింగుల్లో ఈ నాలుగూ చూడండి: ప్లాట్‌ఫామ్ ఎత్తు, బస్సు నేల ఎత్తు, తలుపుల సంఖ్య, టికెట్టు కొట్టే చోటు.