స్ట్రాంగ్ వీడియోలా, పుస్తకమా?

తిరుపతిలో ఎమ్మెస్సీ మ్యాథ్స్ పిల్లలెవరైనా లీనియర్ ఆల్జీబ్రా బుర్రకెక్కడం లేదంటే, అమెరికాలోని ఎంఐటీలో ప్రొఫెసర్‌గా పనిచేసిన గిల్బర్ట్ స్ట్రాంగ్ పేరే చెప్తాను. ముందు ఆయన పాఠాల వీడియోలు. 1999లో తీసినవి, ఉచితం. బోర్డూ సుద్దముక్కా తప్ప హంగుల్లేవు. (నిదానంగా మాట్లాడతారు, యాస భయం వద్దు.) మొదటి పాఠంలోనే 2ఎక్స్ − వై = 0, −ఎక్స్ + 2వై = 3 రాసి, రెండు గీతలు గీస్తారు; కలిసేది (1, 2) దగ్గర. తర్వాత అదే లెక్కను నిలువు వరుసలుగా చూపిస్తారు: ఎక్స్ పక్కనున్న అంకెలు (2, −1) ఒకసారి, వై పక్కనున్నవి (−1, 2) రెండుసార్లు కలిపితే కుడివైపున్న (0, 3). ఈ రెండో చూపు కోసమైనా వీడియో చూడాల్సిందే.

అయితే చూస్తున్నంతసేపూ అంతా వచ్చేసినట్టే ఉంటుంది, పరీక్ష హాల్లో పెన్ను కదలదు. అక్కడ ఆయన రాసిన లీనియర్ ఆల్జీబ్రా పుస్తకమే దిక్కు. కొనక్కర్లేదు, లైబ్రరీలో దొరికితే చాలు. పరీక్షలు దగ్గరపడ్డాక వీడియోలు కట్టేసి, పుస్తకంలో పాఠాల చివరి లెక్కలు చేసుకోండి.