బ్యాంకాక్ గదులా, ఫుకెట్ గదులా?

థాయ్‌లాండ్ హోటళ్ల సంగతి మాట్లాడాలంటే ఈ రెండు ఊళ్లనూ ఒకే గాటన కట్టకూడదు.

బ్యాంకాక్‌ది ఏడాది పొడవునా నడిచే వ్యాపారం. ఆఫీసు పని మీద వచ్చేవాళ్లు, షాపింగ్‌కి వచ్చేవాళ్లు, వైద్యానికి వచ్చేవాళ్లు, వేరే ఊరు వెళ్తూ ఒక రాత్రి ఆగేవాళ్లు... ఎవరో ఒకరు ఉంటూనే ఉంటారు. చిక్కల్లా పోటీతోనే. వీధికో హోటల్ ఉన్నచోట అద్దె పెంచడం అంత తేలిక కాదు. బేరం చూసుకునే మనలాంటివాళ్లకు మాత్రం పండగే!

ఫుకెట్ లెక్క వేరు. నవంబరు నుంచి ఏప్రిల్ దాకా కాసుల పంట, వానలు మొదలయ్యాక గదుల రేట్లు దిగొస్తాయి. సముద్రం ఒడ్డున విల్లా, దానికో సొంత ఈతకొలను, వారం పదిరోజులుండే అతిథులు ఉంటే రాత్రికి వచ్చే రాబడి బ్యాంకాక్ కంటే బాగా ఎక్కువ. కానీ దెబ్బ తగిలితే గట్టిగానే తగులుతుంది. 2004 సునామీ ఒకటి, తర్వాత కోవిడ్. 2019లో దేశానికి దాదాపు 4 కోట్ల మంది విదేశీయులు వస్తే, 2021లో 5 లక్షలు కూడా రాలేదు. అయినా ముందు తలుపు తెరిచింది ఫుకెటే. టీకా వేసుకున్నవాళ్లను క్వారంటైన్ లేకుండా 2021 జులై 1 నుంచే రానిచ్చింది.

2023 నవంబరులో మనవాళ్లకు వీసా బెడద తీరాక రెండుచోట్లా భారతీయుల సందడి పెరిగింది. డబ్బు పెట్టేవాణ్ణయితే నేను బ్యాంకాక్‌కే ఓటేస్తాను. పెళ్లి చేయాలంటే మాత్రం ఫుకెట్, అదీ వానలు వెలిశాకే.