దుబాయి కేసెట్లు కంప్యూటర్‌లోకి: నాలుగేళ్ల వాడకం తర్వాత

మాది జగిత్యాల దగ్గర పల్లె. బాపు దుబాయిలో ఉన్నప్పుడు ఇంట్లో ఫోన్ లేదు, బాపమ్మకు రాయడం రాదు. అందుకే మా ఉత్తరాలన్నీ కేసెట్లే. సెలవు మీద వచ్చి తిరిగి పోయేవాళ్ల చేతికి ఒకటిచ్చి పంపితే, కొన్ని నెలలకు బాపు గొంతుతో ఇంకోటి వచ్చేది. అట్లా పోగైనవి 23. చాలావరకు సి-90లు, అంటే సైడుకు 45 నిమిషాలవి.

మొదట కొన్నది కేసెట్‌ను నేరుగా యూఎస్‌బీలోకి ఎక్కించే చిన్న ప్లేయర్. అది కొనమని ఎవరికీ చెప్పను. మోటారుకు నిలకడ లేదు, బాపు గొంతు పిల్లాడి గొంతులా సన్నబడింది. మూడో కేసెట్‌కే రీలు లోపల చుట్టుకుపోయింది. మెల్లగా లాగి, పెన్సిల్‌తో తిప్పి చుట్టేసరికి ప్రాణం పోయినంత పనైంది.

తర్వాత ఇంట్లో ఉన్న పాత టూ-ఇన్-వన్‌కే (రేడియో, టేప్ రికార్డర్ కలిసి ఉండేది) బెల్టు మార్పించాను. దాని హెడ్‌ఫోన్ సాకెట్ నుంచి కంప్యూటర్ లైన్-ఇన్‌కు (శబ్దం లోపలికి తీసుకునే సాకెట్) వైరు, రికార్డింగ్‌కు ఆడాసిటీ. సాఫ్ట్‌వేర్ ఉచితం, ఇప్పటిదాకా ఇబ్బంది పెట్టలేదు. ప్రతి కేసెట్‌కూ ముందు ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లో ముంచిన దూదితో హెడ్ (రీలు మీది శబ్దాన్ని చదివే భాగం) తుడుస్తాను. కేసెట్ పైఅంచున ఉండే రెండు ప్లాస్టిక్ ముక్కలు విరగ్గొడితే, పొరపాటున రికార్డు బటన్ నొక్కినా పాతది చెరగదు. ఇది మాత్రం మరవకండి. 45 నిమిషాల సైడుకు 45 నిమిషాలూ కూర్చోవాల్సిందే. వేవ్ ఫైలు, అంటే కుదించని రికార్డింగ్, స్టీరియోలో గంటకు దాదాపు 635 ఎంబీ, మావి మోనో (ఒకే చానెల్) కాబట్టి అందులో సగం. ఎంపీ3లు చుట్టాలకు వాట్సాప్ చేయడానికే.

నేను చేసిన పెద్ద తప్పు ఒకటుంది. ఒక కేసెట్‌లో అమ్మ బీడీలు చేసుకుంటూ మాట్లాడింది. "వడ్లు అమ్మినం, చిన్నోడు బడికి పోతున్నడు" అంటుంటే మధ్యమధ్య తునికాకు కత్తిరించే చప్పుడు. వెనకాల సుయ్‌మనే రొద పోవాలని నాయిస్ రిడక్షన్ గట్టిగా పెట్టాను. గొంతు నీళ్లలోంచి వస్తున్నట్టయింది. అమ్మకు వినిపిస్తే మొదట అడిగిన మాట, "కత్తెర ఏదిరా?"

ఆ సైడు మళ్లీ మొదటినుంచి ఎక్కించాను. అప్పటినుంచి అసలు ఫైలు ముట్టుకోను, ఏం చేసినా నకలు మీదే. రెండు హార్డ్ డిస్కుల్లో ఉంచాను, ఎవరి గొంతో అమ్మనడిగి ఫైలు పేరులోనే రాస్తున్నాను.

అదే కేసెట్‌లో ఒకచోట కత్తెర ఆగిపోతుంది. పది సెకన్లు మాట ఉండదు. ఖాళీ కదా అని ఒకప్పుడు కత్తిరించబోయాను. మొన్న వింటూ అమ్మ చెప్పింది, "అక్కడ ఏడ్చిన. మీ బాపుకు తెల్వద్దని కేసెట్ ఆపకుండనే నోరు మూసుకున్న."