ద్వారకానగర్‌లో ఇంగ్లీషు జాతీయాల తరగతి: నెల రోజుల అనుభవం

విశాఖపట్నం పోర్టుకు దగ్గరలోని ఒక సరుకు రవాణా కార్యాలయంలో చాలా ఏళ్ళుగా ఉత్తరప్రత్యుత్తరాలు చూస్తున్న నాకు ఇంగ్లీషు వ్యాకరణంతో పెద్దగా పేచీ లేదు గానీ, విదేశీ కంపెనీల వారు ఫోనులో మాట్లాడుతున్నప్పుడు విడివిడిగా ప్రతి పదమూ తెలిసినదే అయి, మొత్తం మాట మాత్రం అంతుపట్టకుండా పోవడం తరచుగా జరుగుతుంది. అందుకే ద్వారకానగర్‌లోని ఒక శిక్షణ సంస్థ ఇంగ్లీషు జాతీయాలకూ వాడుక పలుకుబడులకూ ప్రత్యేకించి నడుపుతున్న సాయంకాలపు కోర్సులో చేరాను. నెల రోజుల పాటు వారానికి నాలుగు తరగతులు, ఒక్కొక్కటి గంటన్నర. రుసుము 3,500 రూపాయలు. గది సౌకర్యంగానే ఉంది. బండి నిలపడానికి చోటు సంగతి ద్వారకానగర్ ఎరిగినవారికి వేరే చెప్పనక్కరలేదు.

మొదటి వారం నిరాశపరిచింది. వారిచ్చిన పుస్తకంలో ఎడమవైపు జాతీయం, కుడివైపు తెలుగు అర్థం తప్ప మరేమీ లేదు. "కిక్ ద బకెట్" అన్న దానికి "మరణించు" అని రాసి వదిలేశారు. మనం కూడా "బాల్చీ తన్నేశాడు" అంటాం గానీ, పరామర్శకు వెళ్ళి ఆ మాట అనం. అక్కడ "కాలం చేశారు" అంటాం, "టపా కట్టేశాడు" అని నోరు జారితే మళ్ళీ ఆ గడప తొక్కలేం. ఇంగ్లీషులోనూ ఆ పలుకుబడి అంతే చనువైనది, అంతే మోటైనది. ఎవరు ఎవరితో ఎప్పుడు అనవచ్చో చెప్పకుండా అర్థం ఒక్కటే కంఠస్థం చేయించడం, ఏమీ చెప్పకపోవడం కంటే ప్రమాదకరమని నా అభిప్రాయం. పైగా, కుండపోత వానను పిల్లులూ కుక్కలూ కురవడంగా చెప్పే జాతీయానికి, పూర్వం గడ్డి కప్పుల మీద పడుకున్న జంతువులు వానకు జారి పడేవన్న కథను చరిత్రగా చెప్పారు. ఈ-మెయిళ్ళలో ఊరూరా తిరిగిన ఆ కథకు ఆధారమేదీ లేదు.

రెండవ వారంలో వాణిజ్య నౌకలలో పనిచేసి విరమించిన ఒక పెద్దాయన మూడు రోజులు పాఠం చెప్పారు. కోర్సు మొత్తానికీ విలువ ఆ మూడు రోజులలోనే ఉంది. గాలికి వీలైనంత ఎదురుగా ఓడను నడపడం "బై" అనీ, గాలి వెనుక నుంచి అనుకూలంగా వీస్తుండగా నడపడం "లార్జ్" అనీ, రెండు విధాలా చక్కగా నడిచే ఓడను గురించి అన్న మాటే క్రమంగా "మొత్తం మీద" అనే అర్థంలో "బై అండ్ లార్జ్"గా స్థిరపడిందనీ బోర్డు మీద బొమ్మ గీసి చూపించారు. తప్పతాగినవాడిని "త్రీ షీట్స్ టు ద విండ్" అంటారని పుస్తకంలో ఉన్నప్పుడు, షీట్ అంటే తెరచాప గుడ్డ అనుకున్నాను. కాదు, అది తెరచాప మూలను పట్టి ఉంచే మోకు. అలాంటివి మూడు వదులైతే చాపలు కొట్టుకుని ఓడ తూలుతుంది. "చిట్టచివరిదాకా" అనే అర్థంలో వాడే "బిట్టర్ ఎండ్" అన్న దానిలో చేదు వెతుక్కుంటున్న మాకు, లంగరు మోకును ఓడ మీద కట్టే బలమైన గుంజలను బిట్స్ అంటారనీ, ఓడ లోపలే మిగిలే ఆ మోకు కొసకు ఆ పేరు 1627 నాటికే ఉందనీ వివరించారు. ఫిషింగ్ హార్బర్ వైపు నుంచి వచ్చే ఒక కుర్రవాడు ఆ రోజు మా అందరికంటే ముందు అర్థం చేసుకుని, "సార్, మా బోటులో రోజూ జరిగేదే ఇది" అన్నాడు. డొంకతిరుగుడు ప్రస్తావన వచ్చినప్పుడు, వేటలో పిట్టలను లేపడానికి పొద చుట్టూ కర్రలతో కొట్టడం నుంచి వచ్చిన "బీట్ అరౌండ్ ద బుష్" అన్న ఇంగ్లీషు పలుకుబడిని ఆయన దాని పక్కన నిలబెట్టారు. మన డొంకకూ పొద అన్న అర్థం ఉంది కదా!

మూడవ వారం ఆఫీసు భాషకు కేటాయించారు. రుషికొండ ఐటీ కంపెనీలో పనిచేసే మా తోటి విద్యార్థి ఒకరు, అమెరికా క్లయింటు "రెయిన్ చెక్" అడిగితే, ఇక్కడ వానలు లేవని జవాబిచ్చారట. వాన వల్ల బేస్‌బాల్ ఆట ఆగిపోతే మరో రోజు చూసేందుకు ఇచ్చే టికెట్టు అది. ఆహ్వానాన్ని మర్యాదగా మరోసారికి వాయిదా వేయడానికి ఆ మాట వాడతారు. ఇక, ఒక విషయాన్ని "టేబుల్" చేయడమంటే బ్రిటన్‌లో చర్చకు తేవడం, అమెరికాలో చర్చను పక్కన పెట్టడం. రెండు దేశాలతోనూ పనిచేసే మా కార్యాలయానికి ఈ ఒక్క సంగతికే రుసుములో సగం ముట్టినట్టయింది.

యువత వాడే స్లాంగును మాత్రం చివరి వారంలో ఒక్క తరగతిలో, కొంత చిన్నచూపుతో ముగించారు. నేడు ప్రపంచమంతా పలికే "ఓకే" కూడా 1839లో ఒక బోస్టన్ పత్రికలో తప్పు స్పెల్లింగుల సరదాగా అచ్చయినదే కదా. అవసరమైనది చేయండి అనడానికి "డూ ద నీడ్‌ఫుల్" అనడం భారతీయుల తప్పని బోధకులు కొట్టిపారేయడమూ నాకు నచ్చలేదు. అది ఒకప్పుడు బ్రిటన్‌లోనే చెలామణి అయి అక్కడ పాతబడిన మాట. ఈనాటి విదేశీయులకు వింతగా వినిపిస్తుందని హెచ్చరిస్తే సరిపోయేది.

ఉద్యోగరీత్యా విదేశీయులతో మాట్లాడేవారు చేరవచ్చు. పరీక్షల కోసం జాబితా కావలసినవారికి ఇంత ఖర్చు అనవసరం. నిన్న సంస్థ నుంచి ఫోన్ చేసి, రెండవ స్థాయి కోర్సులో చేరతారా అని అడిగారు. ఓడల మాస్టారు పాఠం చెప్పేటట్లయితే తప్పక చేరతానన్నాను. కనుక్కుని చెబుతామన్నారు.