పానగల్‌లో తీరిక, ఫణిగిరిలో తొందర

పిల్లలమర్రి అనగానే మా అక్క చెట్టు అనుకుంది. నల్లగొండ చుట్టుపక్కల పాత గుళ్ళు, ఒక బౌద్ధ క్షేత్రం చూపించే ఒక రోజు యాత్ర ఉందని, అందులో పిల్లలమర్రి కూడా ఉందని ఫోనులో చెప్పాను. "చిన్నప్పుడు నాన్న తీసుకెళ్ళారు కదరా, ఊడలు పట్టుకుని ఊగాం" అంటూ వెంటనే ఒప్పుకుంది. అది మహబూబ్‌నగర్ పిల్లలమర్రి అనీ, మనం వెళ్ళేది సూర్యాపేట పక్కన అదే పేరున్న ఊరికనీ నేను చెప్పే సమయానికి వ్యాను నకిరేకల్ దాటింది. అక్క కాసేపు మాట్లాడలేదు. మూడెకరాల మేర పరచుకున్న ఆ మర్రికి చెదలు పట్టి, 2018లో సెలైన్ సీసాలు వేలాడదీసి మందు ఎక్కించారని చెబితే మరీ దిగులు పడింది. కాబట్టి ముందే చెబుతున్నాను: తెలంగాణలో పిల్లలమర్రులు రెండు. ఒకటి చెట్టు, ఒకటి గుళ్ళు. టికెట్టు కొనేముందు ఏదో తెలుసుకోండి.

మేము వెళ్ళింది కిందటి నవంబరులో. ముందురోజు రాత్రికే నల్లగొండ చేరుకున్నాం. బస్టాండుకు దగ్గరలో ఒక లాడ్జిలో గది పద్నాలుగు వందలు. దుప్పట్లు శుభ్రంగా ఉన్నాయి, అంతవరకు సంతోషం. వేడినీళ్ళు పొద్దున్న ఆరు నుంచి ఎనిమిది వరకే వస్తాయని గోడ మీద రాసి ఉంది, మాకేమో వ్యాను ఆరున్నరకు. పక్కనే పెళ్ళి మండపం ఉందని మాత్రం ఎక్కడా రాయలేదు. కార్తీకమాసంలో మండపం పక్కన గది తీసుకునేవాళ్ళు బ్యాండు మేళానికి మానసికంగా సిద్ధపడి రావాలి. హైదరాబాద్ నుంచి నల్లగొండ వంద కిలోమీటర్లే కనుక, తెల్లవారుజామున ఇంటి దగ్గరే బయలుదేరినా సరిపోయేదని ఆ రాత్రి పన్నెండింటికి అర్థమైంది.

యాత్ర ధర మనిషికి పద్దెనిమిది వందలు. పన్నెండు సీట్ల వ్యాను, పొద్దున్న టిఫిను, మధ్యాహ్నం భోజనం, వెంట గైడు. బండి మంచిది, డ్రైవరు నిదానస్తుడు. ఆరున్నరకు కదలాల్సింది, హైదరాబాద్ నుంచి రావాల్సిన దంపతుల కోసం ఏడున్నర దాకా ఆగింది. ఆ గంట పోయిన సంగతి అప్పుడు ఎవరికీ పట్టలేదు. సాయంత్రం పట్టింది.

గైడుగా వచ్చినాయన పదవీ విరమణ చేసిన సోషల్ మాస్టారు. అందరం సార్ అనే పిలిచాం. ఇచ్చిన డబ్బులో సగానికి పైగా ఆయన ఒక్కరి మాటకే చెల్లిపోయిందని నా లెక్క. పట్టణానికి నాలుగు కిలోమీటర్ల దూరంలో ఉన్న పానగల్‌కు చేరేలోపే కందూరు చోళుల గురించి ఎంత అవసరమో అంతే చెప్పారు: పదకొండు, పన్నెండు శతాబ్దాల్లో ఈ ప్రాంతాన్ని ఏలినవాళ్ళు, మొదట కల్యాణి చాళుక్యులకు సామంతులు, పానగల్ వాళ్ళ రాజధానుల్లో ఒకటి. ఊరి పక్కనున్న ఉదయసముద్రం చెరువు పేరులో ఉన్నది కూడా ఆ వంశపు ఉదయుడే. ఇప్పుడు ఆ చెరువులోకి కాలువ మీదుగా కృష్ణా నీళ్ళు వస్తున్నాయి. ఫ్లోరైడుతో నడుములు వంగిన జిల్లాలో పుట్టిన వాడిని కనుక, ఆ కట్ట మీద రెండు నిమిషాలు ఆపమని నేనే అడిగాను. పొద్దుటి ఎండలో నీళ్ళు, అవతల గుట్టలు. ఫోటోకు అంతకంటే మంచి చోటు ఆ రోజంతా దొరకలేదు.

మొదట ఛాయా సోమేశ్వరాలయం. పొలాల మధ్య, చిన్న ప్రాకారంలో, మూడు గర్భగుడులు ఒకే మండపంలోకి తెరుచుకునే త్రికూటాలయం. వాటిలో ఒకదానిలో శివలింగం వెనుక గోడ మీద నిలువుగా ఒక స్తంభం నీడ. పొద్దున్న చూసినా, మధ్యాహ్నం చూసినా, సూర్యుడు ఎటు తిరిగినా ఆ నీడ ఉన్నచోటే ఉంటుంది. దీని గురించి అందరూ వినే ఉంటారు. వినడం వేరు. సార్ మమ్మల్ని మండపం మధ్య నిలబెట్టి, "ఇది ఏ స్తంభం నీడో చెప్పినవాళ్ళకు టీ నా ఖర్చు" అన్నారు. పదకొండు మందిమి స్తంభాల చుట్టూ తిరిగాం. ఒకాయన ఫోను టార్చి కూడా వేశారు. ఎవరికీ టీ దక్కలేదు. నేరుగా పడే ఎండ వల్ల వచ్చే నీడైతే సూర్యుడితో పాటు కదలాలి. ఇది ఎండ నీడ కాదు. బయటి నుంచి పరావర్తనమై మండపంలోకి వచ్చే వెలుతురు స్తంభాల సందుల్లోంచి లోపలికి చేరుతుంది, ఆ వెలుతురు అందని నడిమి పట్టీయే మనకు నీడగా కనబడుతుంది. ఒక్క స్తంభం పని కాదు, వరుసలో ఉన్న స్తంభాలన్నీ కలిసి చేసే పని. మిగతా రెండు గుడుల్లో ఇలా కనబడదు. ఇంత చెప్పాక కూడా అక్క చేతులు జోడించి నిలబడే ఉంది. సార్ ఆమె అయ్యేదాకా ఆగి, తరువాతే మాట మొదలుపెట్టారు. మంచి గైడుకు ఇది తెలిసి ఉండాలి.

అక్కడికి దగ్గరలోనే పచ్చల సోమేశ్వరాలయం. లింగం పచ్చ రంగు రాయిదని, అందుకే ఆ పేరు వచ్చిందని చెబుతారు. నాకు మాత్రం లోపలి కంటే బయటి గోడలే నచ్చాయి. రామాయణ భారత ఘట్టాలు రాతి మీద బారులు తీరి ఉంటాయి. ఒక్కొక్కటీ జానెడు, మూరెడు ఎత్తు. గైడు లేకపోతే వాటిని పూలతీగల అలంకరణ అనుకుని దాటిపోయేవాళ్ళం. సార్ వేలు పెట్టి చూపిస్తూ పోతుంటే గోడ కథ చెప్పడం మొదలుపెట్టింది. వెంట వచ్చిన ఇంజినీరింగ్ కుర్రాడు చెవుల్లోని ఇయర్‌ఫోన్లు తీసి జేబులో పెట్టుకున్నాడు.

ఇక్కడే నిర్వాహకుల మొదటి తప్పు బయటపడింది. గుడి పక్కనే ఉన్న మ్యూజియం కార్యక్రమంలో ఉంది, కాని అది తెరిచే వేళ ఎంతో వాళ్ళు చూసుకోలేదు. ఆవరణలో చెట్ల కింద కూర్చుని దాదాపు గంట గడిపాం. చివరికి లోపల ఉన్నది ఇరవై నిమిషాలు. ఊళ్ళ నుంచి తెచ్చిన విగ్రహాలు, వీరగల్లులు (పోరులో చనిపోయిన వీరుల గుర్తుగా నిలిపిన రాళ్ళు), శాసనాలు ఉన్నాయి, చూడదగ్గవే. అయితే వాటి కోసం గంట ఆగవలసిన అవసరం లేదు.

నకిరేకల్ దగ్గర విజయవాడ రహదారి ఎక్కాక సూర్యాపేట వరకు దారి పొడుగునా పల్లెలే. బత్తాయి తోటలు నల్లగొండ వైపే ఎక్కువగా కనబడ్డాయి. ఇటు వచ్చేసరికి మూసీ ఆయకట్టు వరి. కోతలు నడుస్తున్నాయి. పక్క రోడ్లలో సగం రోడ్డు వడ్లదే. ఒక అంచున ధాన్యం ఆరబోసి, జారిపోకుండా రాళ్ళు పేర్చి, కాపలాకు ఒక ముసలమ్మను కూర్చోబెడతారు. బండ్లు రెండో అంచున పోతాయి. మా డ్రైవరు ఒక్కచోట కూడా గింజ మీద టైరు పోనివ్వలేదు. అతనికి నేను విడిగా ఇచ్చిన రెండు వందలు అందుకే. మధ్యలో తాటివనాలు, తెల్లగా పగిలిన పత్తి చేలు, గంపల్లో సీతాఫలాలు. హైదరాబాద్ మురుగంతా మోసుకొచ్చే మూసీ ఇక్కడ ఇంత పచ్చదనం పండిస్తుందంటే ముచ్చటేస్తుంది, ఆ నీళ్ళ రంగు చూస్తే మాత్రం భయమేస్తుంది.

భోజనం రహదారి పక్కన ఒక పెద్ద హోటల్లో. పేరు చెప్పను. యాత్రల బండ్లన్నీ అక్కడే ఆగుతాయి, ఎందుకో ఊహించడం కష్టం కాదు. కూర్చోవడానికి పావుగంట, విస్తరి రావడానికి ఇరవై నిమిషాలు, పప్పులో ఉప్పు లేదు. హోటల్ ముందే పచ్చళ్ళు, స్వీట్ల దుకాణం ఉంది, అక్కడ ఇంకో ఇరవై నిమిషాలు ఆపారు. జొన్నరొట్టెలు చేసే చిన్న హోటళ్ళు ఆ దారిలో ఎన్నో కనబడ్డాయి. అటువంటి చోట ఆపి ఉంటే డబ్బూ సమయమూ రెండూ మిగిలేవి. ఒక్క మంచి మాట: అక్కడి మరుగుదొడ్లు శుభ్రంగా ఉన్నాయి. ఆడవాళ్ళకు ఇది చిన్న విషయం కాదు, ఆ తరువాత దారిలో మాకు అటువంటివి దొరకలేదు కూడా.

సూర్యాపేటకు అయిదారు కిలోమీటర్లలో పిల్లలమర్రి. చెట్టు లేదని అలిగిన అక్క ఎరకేశ్వరాలయం మండపంలో అడుగుపెట్టాక ఆ మాట మరిచిపోయింది. కాకతీయుల సామంతులైన రేచర్ల రెడ్లు కట్టించిన గుళ్ళివి. ఎరకేశ్వరం 1208 నాటిది. కట్టించింది బేతిరెడ్డి భార్య ఎరకసానమ్మ. ఒక ఆడమనిషి తన పేరు మీద కట్టించిన గుడి అని సార్ చెప్పగానే, అక్క "మరి ఆయన పేరు ఎవరికి గుర్తుంది?" అంది. నల్లరాతి స్తంభాలు అద్దంలా నున్నగా ఉంటాయి, దగ్గరకు వెళితే మసకగా మన ముఖం కనబడుతుంది. అంచుల మీద చెక్కిన నగిషీ అంత సన్నగా రాతిలో ఎలా వచ్చిందో వేలితో తడిమితే తప్ప నమ్మబుద్ధి కాదు. నామేశ్వరాలయంలో తల ఎత్తి చూడమన్నారు సార్. వెలిసిపోయిన రంగుల్లో క్షీరసాగర మథనం ఆనవాళ్ళు. కాకతీయుల కాలపు శిల్పం ఎంతైనా దొరుకుతుంది, వాళ్ళ కాలపు రంగు మాత్రం అరుదు. ఎనిమిది వందల ఏళ్ళ కిందటి కుంచె గీత అది. మెడ నొప్పి పుట్టేదాకా చూశాను. కవి పిల్లలమర్రి పినవీరభద్రుడి ఇంటిపేరు ఈ ఊరిదేనని కూడా ఇక్కడే తెలిసింది.

అక్కడ ముప్పావుగంట ఇచ్చారు. గంటన్నర కావాలి.

ఇక ఫణిగిరి. సూర్యాపేట నుంచి జనగామ వెళ్ళే దారిలో సుమారు నలభై కిలోమీటర్లు. మేము కొండ కిందికి చేరేసరికి అయిదు కావస్తోంది. నవంబరులో పొద్దు ఎప్పుడు గూకుతుందో చెప్పనక్కరలేదు. నాగుపాము పడగలా కనబడే కొండ కనుక ఆ పేరట. మోకాళ్ళ నొప్పులున్న అక్క కిందే ఆగిపోయింది, మరో నలుగురు కూడా ఆమెతో ఉండిపోయారు. పైకి వెళ్ళిన మేము ఒకరకంగా పరుగెత్తాం.

పైన ఉన్నది గుడి కాదు, గుడిని ఊహించుకునే చోటు. మహాస్తూపం, ఒక కొస అర్ధచంద్రాకారంలో ఉండే చైత్యగృహాలు (బౌద్ధుల ప్రార్థన మందిరాలు), భిక్షువుల విహారాల పునాదులు, బారులుగా నిలబడిన రాతి స్తంభాలు. దాదాపు రెండు వేల ఏళ్ళ కిందట దక్కను వర్తక దారుల పక్కన భిక్షువులు ఉన్న ఊరు ఇది. శాతవాహనుల తరువాత ఇక్ష్వాకులు. ఇక్ష్వాకు రాజు రుద్రపురుషదత్తుడి పద్దెనిమిదో పాలనా సంవత్సరపు శాసనం ఇక్కడ దొరికింది. నిజాం కాలంలోనే, 1941లో, ఈ చోటును గుర్తించారు. అసలు తవ్వకాలు జరిగింది 2001 తరువాత. బుద్ధుడి జీవితఘట్టాలు చెక్కిన తోరణం దూలం ఇక్కడిదే. 2023లో అది న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియంలో ప్రదర్శనకు వెళ్ళి వచ్చింది. 2024లో ఇక్కడే ఒక మట్టికుండలో 3,730 సీసపు నాణేలు బయటపడ్డాయి. ఒకవైపు ఏనుగు, మరోవైపు ఉజ్జయినీ చిహ్నం, అంటే నాలుగు కొసలా సున్నాలున్న కూడిక గుర్తు. తోరణంగానీ నాణేలుగానీ కొండ మీద కనబడవు, ఆ ఆశతో ఎవరూ ఎక్కవద్దు. కొండ మీద కనబడేది ఆ భిక్షువులు చూసిన దృశ్యం: చుట్టూ చెరువులు, వరిమళ్ళు, దూరంగా ఇంకో గుట్ట, ఇంకో గుట్ట. వాటిలో కొన్నింటి మీద కూడా ఇటువంటి ఆరామాలుండేవని సార్ చేయెత్తి చూపించారు. గాజులబండ, వర్ధమానుకోట అని పేర్లు చెబుతుండగానే చీకటి వాటిని ఒక్కొక్కటిగా తీసుకుపోయింది.

ఇరవై అయిదు నిమిషాలు. అంతే. ఫోను వెలుతురులో మెట్లు దిగాం. నీళ్ళు కూడా కింది నుంచే మోసుకెళ్ళాలి, పైన మాకేమీ దొరకలేదు.

తిరుగు ప్రయాణంలో నాకు తట్టిన సంగతి ఇంత సులువైనదా అని నవ్వొచ్చింది. ఛాయా సోమేశ్వరంలో నీడ రోజంతా ఉంటుంది. ఆ గుడి గొప్పతనమే అది. పొద్దున్నే పరుగెత్తి వెళ్ళి చూడాల్సిన పని ఏముంది? పొద్దుటి వెలుగు కావలసింది కొండకు. నల్లగొండ నుంచి నకిరేకల్, అర్వపల్లి మీదుగా తిన్నగా ఫణిగిరికి వెళ్ళి, ఎండ ముదరకముందే దిగి, మధ్యాహ్నం పిల్లలమర్రి, సాయంత్రం పానగల్ అనుకుంటే మ్యూజియం కూడా తెరిచే ఉంటుంది. ఇదే మాట మరునాడు నిర్వాహకుడికి ఫోను చేసి చెప్పాను. ఆయన ఓపికగా విన్నారు. "నిజమే సార్, కాని దేవుడి దర్శనంతో మొదలుపెట్టకపోతే మనవాళ్ళు బండి ఎక్కరు" అన్నారు. దానికి నా దగ్గర జవాబు లేదు.

మీరు నలుగురుంటే ఈ యాత్ర టికెట్లు కొనకండి. నల్లగొండలో కారు మాట్లాడుకుని, గైడును విడిగా పిలుచుకుంటే ఖర్చు ఇంచుమించు అంతే, వరుస మీ చేతిలో ఉంటుంది. ఒక్కరో ఇద్దరో అయితే ఈ వ్యానే నయం. చరిత్ర తెలిసిన మనిషి వెంట ఉంటారా లేదా అని మాత్రం ముందే అడగండి. మాకు దొరికిన సార్ లాంటివారు కాకుండా ఊరికే టికెట్లు లెక్కపెట్టే కుర్రాడు వస్తే ఆ పద్దెనిమిది వందలు దండగ.

మేము మాత్రం వచ్చే చలికాలం మళ్ళీ వెళుతున్నాం, పొద్దున్న ఆరింటికల్లా ఫణిగిరి కింద ఉండేలా. సార్ వస్తానన్నారు. అక్క కొండ ఎక్కడానికి చేతికర్ర కొనుక్కుంది, ఒక షరతు కూడా పెట్టింది: ముందు మహబూబ్‌నగర్ వెళ్ళి ఆ చెట్టు ఎలా ఉందో చూసి రావాలట.