కీష్లోవ్‌స్కీ నడిచిన ఊళ్లు: వార్సా, వూచ్, సొకొవోఫ్‌స్కో

పోలిష్ దర్శకుడు క్షిష్తోఫ్ కీష్లోవ్‌స్కీ సినిమాల మీద ఇష్టంతో పోలండ్ వెళ్లేవాళ్లు చాలామంది వార్సాలో ఆయన సమాధి చూసి వెనుదిరుగుతారు. నాలుగు రోజులు చేతిలో ఉంటే అలా చేయకండి. ఆయన పుట్టింది (1941), పోయింది (1996) వార్సాలోనే. కానీ కుర్రాడిగా సినిమాను తొంగిచూసింది మాత్రం చెక్ సరిహద్దు కొండల్లోని సొకొవోఫ్‌స్కోలో.

తండ్రికి క్షయ. ఆ వైద్యం కోసం ఆ కుటుంబం ఊళ్లు మారుతూ ఈ శానటోరియం ఊరికి చేరింది. టికెట్‌కు డబ్బుల్లేని పిల్లలు సినిమా ఆడే భవనం పైకప్పెక్కి, గాలి కోసం పెట్టిన సందులోంచి చూసేవాళ్లు. తెర మొత్తం కాదు, ఓ మూల ముక్క మాత్రమే కనిపించేది. ఆ ఊళ్లో నిలబడి ఆ పైకప్పుల వైపు చూడటానికైనా అంత దూరం వెళ్లొచ్చు. ఆయన పేరిట అక్కడ ఏటా సినిమా ఉత్సవం కూడా జరుగుతుంది. ఆ రోజుల్లోనే వెళ్లాలనుకుంటే గది ముందే బుక్ చేసుకోండి. ఉన్నవన్నీ చిన్న చిన్న గెస్ట్‌హౌస్‌లే.

దారి కాస్త కష్టం. వార్సా నుంచి వ్రొత్స్వాఫ్‌కు రైల్లో దాదాపు నాలుగు గంటలు. అక్కడినుంచి వావ్‌బ్జిహ్‌కు ఇంకో రైలు, ఆపైన బస్సు. ఊళ్లో రైల్వే స్టేషన్ లేదు. శని, ఆదివారాల్లో బస్సులు తగ్గిపోతాయి. తిరుగు బస్సు వేళ చూసుకోకుండా వెళ్తే టాక్సీయే గతి. ఒక్క రోజులో వెళ్లొచ్చేద్దామంటే ప్రయాణంతోనే సరిపోతుంది, రాత్రి అక్కడే ఉండండి.

వూచ్ తేలిక. Łódź అన్న ఇంగ్లిష్ అక్షరాలు చూసి ‘లాడ్జ్’ అని అడిగితే ఎవరికీ అర్థం కాదు. వార్సా నుంచి రైల్లో గంటన్నర లోపే. ఆయన ‘బ్లైండ్ చాన్స్’ సినిమాలో హీరో రైలు వెంట పరిగెత్తే ప్లాట్‌ఫారం కోసం వూచ్ ఫాబ్రిచ్నా స్టేషన్‌లో వెతకకండి. పాతది తీసేశారు, 2016లో తెరిచిన కొత్త స్టేషన్ భూమి లోపల ఉంది. ఫిల్మ్ స్కూల్ తార్గోవా వీధిలో. కీష్లోవ్‌స్కీకి రెండుసార్లు సీటు రాలేదు, మూడోసారి 1964లో దొరికింది. ఇది క్లాసులు నడిచే స్కూలు, మ్యూజియం కాదు. విద్యార్థులు కూర్చునే ఆ పేరున్న మెట్లు చూడాలంటే గేటు దగ్గర అడిగి, అనుమతిస్తేనే లోపలికి వెళ్లాలి. సినిమా మ్యూజియం అక్కడికి నడకదూరంలో, షైబ్లర్ అనే మిల్లు యజమాని ప్యాలెస్‌లో ఉంది. సోమవారం సెలవు. బస ప్యోత్ర్‌కోఫ్‌స్కా వీధి పక్కన చూసుకుంటే రెండూ నడిచే చూడొచ్చు. మిల్లు భవనాన్ని మార్చి కట్టిన పెద్ద హోటల్ బాగుంటుంది కానీ, ఈ పనికి అంత ఖర్చు అక్కర్లేదు.

వార్సాలో చాలామంది పొరపడేది శ్మశానం దగ్గరే. పొవోన్‌స్కి పేరుతో రెండున్నాయి. ఒకటి సైనికులది, ఇంకోటి పాతది. మీకు కావాల్సింది పాతది, అందులో 23వ విభాగం. మీటరు పైచిలుకు ఎత్తు దిమ్మె మీద నల్లరాతి చేతులు రెండు, బొటనవేళ్లు, చూపుడువేళ్లు కలిపి ఫ్రేము పట్టినట్టు ఉంటాయి. ఆ ఫ్రేములోంచి చెట్లు కనిపిస్తాయి. నిలబడే చోటు కాస్త మారితే దృశ్యమూ మారుతుంది, తొందరపడకండి.

ఆయన పది భాగాల టీవీ సిరీస్ ‘డెకలాగ్’లో కనిపించే అపార్ట్‌మెంట్లు ద్వోజెత్స్ గ్దాన్‌స్కి మెట్రోకు దగ్గర్లో, ఇన్‌ఫ్లాంత్స్కా వీధి వైపు. అవి జనం కాపురముండే ఇళ్లు. బయటినుంచి చూసి రండి, మెట్లెక్కి ఫొటోలు తీయొద్దు.

భోజనానికి ‘బార్ మ్లెచ్నీ’లు అనే సాదా క్యాంటీన్లు చవక. శాకాహారులకు బంగాళదుంప, జున్ను కూరిన ‘పిరోగి రుస్కియె’ సరిపోతాయి. అయితే పైన వేయించిన పందికొవ్వు ముక్కలు చల్లి ఇస్తుంటారు. ఆర్డర్ ఇచ్చేటప్పుడే ‘బెజ్ స్క్వార్కూఫ్’ అని చెప్పండి. చాలా ఆదివారాలు పెద్ద షాపులు మూసి ఉంటాయి కాబట్టి, సొకొవోఫ్‌స్కో వెళ్లే ముందు శనివారమే తినేవి కొని పెట్టుకోండి.